పెళ్ళికూతురి ముఖానికి ఎన్ని పరీక్షలు?

 



ఒక శుక్రవారం జుమా నమాజు ముగిసింది. జనం చెప్పులు వెతుక్కుంటూ బయటికి వెళ్తున్నారు. ఒక సోదరుడు మాత్రం మింబర్ పక్కనే నిలబడి ఉన్నాడు. మోటార్లకు వైండింగ్ చేసి బతికే మనిషి. చొక్కా జేబులోంచి నాలుగు మడతలు పెట్టిన కాగితం తీసి నా చేతిలో పెట్టాడు.

"మౌలానా సాబ్! అమ్మాయి నికాహ్ ఇంకా పన్నెండు రోజులుంది. ఈ లెక్క ఒక్కసారి చూడండి. ఇందులో అధర్మమైనది ఏదైనా ఉంటే చెప్పండి. నాకైతే తెలియడం లేదు" అన్నాడు.

కాగితంలో షాదీఖానా అద్దె, బిర్యానీ దేగ్‌లు, బట్టలు, మంచం, బీరువా ఉన్నాయి. వాటి మధ్యలో నాలుగు వరుసలు నాకు అర్థం కాలేదు. మొదటి ట్రయల్ 2,500 రూపాయలు. రెండో ట్రయల్, కేశాలంకరణతో కలిపి 3,000. హైదరాబాద్‌లో మూడో ట్రయల్ 4,000. రానుపోను బస్సు, ఆటో, భోజనాలు 1,200. మొత్తం 10,700 రూపాయలు.

"ఈ ట్రయల్ ఏమిటి భాయ్?" అని అడిగాను.

పెళ్ళిరోజు ఎలా కనబడుతుందో ముందే చూసుకోవడానికి పెళ్ళికూతురిని బ్యూటీ పార్లర్‌లో కూర్చోబెట్టి, పూర్తిగా మేకప్ వేసి, జుట్టు ముడివేసి చూస్తారట. తరవాత కడిగేస్తారట. పెళ్ళినాటి మేకప్‌కు డబ్బు వేరు, ఈ పరీక్షకు డబ్బు వేరు.

మరి మూడుసార్లు ఎందుకు? మొదటి ట్రయల్ ఫొటో వరుడి అక్కకు వాట్సాప్‌లో పంపారు. "రంగు తేలలేదు, ఇంకాస్త తెల్లగా రావాలి" అని జవాబొచ్చింది. రెండోసారి పంపితే "ముడి చిన్నగా ఉంది, సవరం పెట్టించండి" అన్నారు. మూడోసారి "ఇది బాగుంది. కానీ వలీమాకు ఇలా వద్దు, దానికి ఇంకో ట్రయల్ చేయించండి" అన్నారు. మూడో ట్రయల్‌కు చేతిలో డబ్బు లేక, ఆ అమ్మాయి తల్లి వారపు వడ్డీకి అప్పు తెచ్చింది.

"మహర్ ఎంత అనుకున్నారు?" అని అడిగాను.

"పదకొండు వేలు. ఉధార్" అన్నాడు. అంటే ఇప్పుడివ్వరు, బాకీగా రాసుకుంటారు.

సోదరులారా! ఆ కాగితం వెంటనే తిరిగి ఇవ్వలేకపోయాను. స్త్రీకి అల్లాహ్ నిర్ణయించిన హక్కు పదకొండు వేలు, అది అప్పు. ఆమె ముఖాన్ని మూడుసార్లు పరీక్షించిన ఖర్చు పదివేల ఏడు వందలు, అది నగదు. ఈ రెండు అంకెలూ పక్కపక్కన పెట్టుకుని ఆలోచించడానికే ఈ నాలుగు మాటలు.

అలంకరణ నిషిద్ధం కాదు

ముందుగా ఒక విషయం స్పష్టం చేసుకుందాం. వధువు అలంకరించుకోవడాన్ని ఇస్లామ్ తప్పుపట్టలేదు. అల్లాహ్ తన దాసుల కోసం సృష్టించిన అందమైన వస్తువులను ఎవరు నిషేధించగలరని దివ్య ఖుర్ఆన్ అల్ ఆరాఫ్ సూరా 32వ వాక్యంలో ప్రశ్నిస్తుంది. దానికి ముందున్న వాక్యంలోనే ఆరాధనా వేళ అలంకరించుకోమని చెబుతూ, మితిమీరవద్దని కూడా ఆదేశిస్తుంది. అనుమతి, హద్దు పక్కపక్కనే ఉన్నాయి. మనం మొదటిది గుర్తుపెట్టుకుని రెండోది మరచిపోతున్నాం.

హజ్రత్ అబ్దుర్రహ్మాన్ బిన్ ఔఫ్ (రజి) గారి సంగతి బుఖారీ హదీసు గ్రంథంలో ఉంది. ఆయన బట్టలపై పసుపు పచ్చని సుగంధపు మరక చూసి దైవప్రవక్త (స) ఏమిటని ఆరా తీశారు. అన్సార్ స్త్రీని వివాహమాడానని ఆయన విన్నవించుకున్నారు. ప్రవక్త (స) ఆ సుగంధానికి ఆయన్ని మందలించలేదు. మహర్ ఎంత ఇచ్చావని అడిగారు. ఖర్జూరపు గింజ ఎత్తు బంగారం అని చెబితే, శుభం కోరి, ఒక మేకతోనైనా సరే వలీమా చేయమన్నారు.

గమనించండి. దైవప్రవక్త (స) అడిగిన మొదటి ప్రశ్న మహర్ గురించి. మన ఇళ్ళల్లో ఈ రోజు మొదటి ప్రశ్న ఏది? ఏ పార్లర్, ఏ ప్యాకేజీ, ఎన్ని ట్రయల్స్?

ఐదు దిర్హమ్‌ల వస్త్రం

అదే బుఖారీ గ్రంథంలో వధువు కోసం వస్తువులు ఎరువు తెచ్చుకోవడం గురించి ప్రత్యేకంగా ఒక అధ్యాయమే ఉంది. అందులో విశ్వాసుల మాతృమూర్తి హజ్రత్ ఆయిషా (రజి) గారి సంఘటన ఒకటి వస్తుంది. ప్రవక్త (స) పరమపదించిన తరవాతి కాలంలో ఒక వ్యక్తి ఆమె వద్దకు వెళ్ళారు. ఆమె ఐదు దిర్హమ్‌ల విలువ చేసే ముతక వస్త్రం ధరించి ఉన్నారు. తన సేవకురాలిని చూపిస్తూ, ఈ పిల్ల ఇలాంటి బట్టను ఇంట్లో కూడా కట్టుకోనంటోందని చెప్పారు. దైవప్రవక్త (స) కాలంలో తన వద్ద ఇలాంటి వస్త్రమే ఒకటి ఉండేదనీ, మదీనాలో ఏ స్త్రీని అలంకరించాలన్నా దానికోసం తన వద్దకే మనిషిని పంపేవారనీ వివరించారు.

ఒకే వస్త్రం! ఎందరు పెళ్ళికూతుళ్ళు దాన్ని ధరించి అత్తింటికి వెళ్ళారో అల్లాహ్‌కే తెలుసు. ఎరువు తెచ్చుకున్నామని ఎవరూ చిన్నబోలేదు. ఎరువిచ్చానని ఎవరూ గొప్ప చెప్పుకోలేదు. ఎరువిచ్చిన ఆయిషా (రజి) గారు స్వయంగా తన అక్క హజ్రత్ అస్మా (రజి) గారి హారాన్ని ఎరువు తెచ్చుకుని ధరించిన సందర్భం కూడా హదీసుల్లో ఉంది. ప్రయాణంలో ఆ హారం పోయింది. దాన్ని వెతికేందుకు నీళ్ళు లేనిచోట అందరూ ఆగిపోవలసి వచ్చింది. అప్పుడే తయమ్ముమ్ ఆదేశం అవతరించింది.

ఆయిషా (రజి) గారిని పెళ్ళికూతురిగా అలంకరించినవారు ఎవరు? ఆమె తల్లి ఉమ్మె రూమాన్ (రజి) గారు కుమార్తె ముఖం, తల నీళ్ళతో తుడిచి ఇంట్లో ఉన్న అన్సార్ స్త్రీలకు అప్పగించారు. వారు శుభం పలుకుతూ ఆమెను సింగారించారు. తల్లి చేయి, ఇరుగుపొరుగు ఆడవాళ్ళ చేతులు, వారి దుఆలు: ఆ ఇంటి సింగారం అదే.

మన పెద్దవాళ్ళ కాలంలో కూడా ఇలాగే జరిగేది. మాంఝా నాడు పిన్నమ్మలు నలుగు పెట్టేవారు, అక్కచెల్లెళ్ళు మెహందీ పెట్టేవారు, జడ అల్లడంలో నేర్పున్న ఆవిడ వీధిలో ఒకరు ఉండేవారు. ఆ ఇంటికి దుఆలు దక్కేవి, అప్పు మిగిలేది కాదు.

ఆ రంగు ఎవరు వేసింది?

ఇప్పుడు "రంగు తేలలేదు" అన్న మాట దగ్గరికి వద్దాం. ఆ మాట పార్లర్ నడిపే మహిళను అన్నది కాదు. ఆ అమ్మాయి చర్మాన్ని అన్నది. ఆ చర్మానికి రంగు వేసింది ఎవరు? మీ భాషల్లోను, మీ రంగుల్లోను ఉన్న తేడాలు దైవసూచనలని అర్రూమ్ సూరా 22వ వాక్యం బోధిస్తుంది. అల్లాహ్ సూచన అని చెప్పినదాన్ని మనం లోపమని పేరు పెట్టి, అది కనబడకుండా పోయేవరకు మళ్ళీ మళ్ళీ పూయమంటున్నాం. అల్లాహ్ మీ రూపాలను, మీ సంపదలను చూడడు, మీ హృదయాలను, మీ ఆచరణలను చూస్తాడని ప్రవక్త (స) బోధించిన విషయం ముస్లిం హదీసు గ్రంథంలో ఉంది. ప్రభువు చూడనిదాన్ని చూడడానికి మనం మూడుసార్లు డబ్బు ఖర్చు చేయిస్తున్నాం.

పెళ్ళికి ముందు అమ్మాయిని చూడవద్దని ఇస్లామ్ అనలేదు. హజ్రత్ ముగీరా బిన్ షూబా (రజి) గారు ఒక స్త్రీని వివాహమాడదలచినప్పుడు, ఆమెను చూడు, దానివల్ల మీ మధ్య ప్రేమ నిలుస్తుందని ప్రవక్త (స) సలహా ఇచ్చారు. చూడవలసినది ఆమె అసలు ముఖాన్ని. చూసి, ఒప్పుకుని, మాట ఇచ్చిన తరవాత ఆ ముఖాన్ని మార్చమని అడగడం ఒప్పుకున్న మాటను వెనక్కి తీసుకోవడం లాంటిదే.

ఆ తండ్రి నాతో ఇంకో మాట చెప్పాడు. మూడో ట్రయల్ నుంచి వచ్చిన రాత్రి అమ్మాయి ముఖం కడుక్కుని అద్దం ముందు చాలాసేపు నిలబడిందట. "అబ్బా! వాళ్ళకు ఈ ముఖం నచ్చలేదు కదా! మరి పెళ్ళయ్యాక రోజూ వాళ్ళు చూసేది దీన్నేగా!" అందట. ఈ మాట చెబుతున్నప్పుడు ఆయన నా వైపు చూడలేదు. మీరే చెప్పండి, ఈ ఖర్చును ఏ కాగితం మీద రాస్తారు?

కాగితంలో లేని ఖర్చులు

సోదరీమణులారా! ట్రయల్ ఖర్చు రూపాయలతో పోయేది కాదు.

మొదటిది నమాజు. ట్రయల్‌కు మధ్యాహ్నం కూర్చుంటే మేకప్, జుట్టు, ఫొటోలు అయ్యేసరికి అస్ర్ వేళ దాటిపోతుంది, మగ్రిబ్ కూడా దగ్గరపడుతుంది. ఇక పెళ్ళిరోజు జుహ్ర్ నుంచి ఇషా వరకు ఎన్ని నమాజులు పోతున్నాయో ప్రతి తల్లికీ తెలుసు. మేకప్ పాడవుతుందన్నది నమాజు వదలడానికి షరీఅత్ ఒప్పుకునే కారణం కాదు. నీళ్ళు ఉండగా మేకప్ కోసం తయమ్ముమ్ చెల్లదు. గోళ్ళ రంగు పొరలా ఉండి నీళ్ళను గోటికి తగలనివ్వదు కాబట్టి అది ఉండగా వుజూ పూర్తికాదు. మెహందీ రంగు మాత్రమే గనక దానితో ఇబ్బంది లేదు. కొత్త జీవితంలోకి అడుగుపెట్టే రోజునే ప్రభువు ముందు నిలబడే వేళ తప్పిపోతే, ఆ ఇంట్లో శుభం ఎక్కడినుంచి వస్తుంది?

రెండోది ఫొటో. స్త్రీ తన అలంకరణను ఎవరి ముందు ప్రదర్శించవచ్చో అన్నూర్ సూరా 31వ వాక్యం ఒక్కొక్కరినీ పేర్కొంటూ వివరించింది. ట్రయల్ ఫొటో వరుడి అక్క ఫోనుకు వెళ్తుంది. అక్కడి నుంచి ఆమె భర్తకు, మరుదులకు, ఆ తరవాత ఎవరికో. పార్లర్ వారు తమ పనితనం చూపించుకోవడానికి దాన్ని నలుగురిలో పెడితే అడ్డుకునేవారెవరు? పర్దా పాటించే ఇంటి ఆడపిల్ల ముఖం నికాహ్ కాకముందే ఊరంతా తిరుగుతోంది.

మూడోది జుట్టు. సవరం పెట్టించమని అడిగినవారు ఈ హదీసు వినాలి. మదీనాలో ఒక అన్సార్ అమ్మాయికి పెళ్ళి కుదిరింది. జబ్బు చేసి జుట్టు రాలిపోయింది. తల్లి దైవప్రవక్త (స) వద్దకు వచ్చి, వేరే జుట్టు కలపవచ్చా అని అడిగింది. కారుణ్యమూర్తి అయిన ప్రవక్త (స) జబ్బుపడిన పెళ్ళికూతురి విషయంలో కూడా అనుమతి ఇవ్వలేదు. జుట్టు అతికించేవారిపైనా, అతికించుకునేవారిపైనా శాపం ఉందని హెచ్చరించారు. అంత కష్టంలో ఉన్న అమ్మాయికే లేని వెసులుబాటు, ముడి చిన్నగా ఉందన్న కారణానికి ఎలా వస్తుంది? కనుబొమలు పీకి సన్నగా తీర్చడం గురించి కూడా హదీసుల్లో ఇలాంటి హెచ్చరికే ఉంది.

నాలుగోది పొరుగువారి ఖర్చు. ఒక ఇంట్లో మూడు ట్రయల్స్ జరిగితే ఆ వీధిలో తరవాతి పెళ్ళికి మూడు తప్పనిసరి అవుతాయి. స్తోమత ఉన్నవాడు "నా డబ్బు, నా ఇష్టం" అనుకుంటాడు. స్తోమత లేనివాడు దాన్ని ఆచారమనుకుని అప్పు చేస్తాడు. తెలంగాణలో నిరుపేద ముస్లిం ఆడపిల్లల వివాహానికి షాదీ ముబారక్ పథకం 2014 అక్టోబరులో 51 వేల రూపాయలతో మొదలైంది. 2018లో ఆ మొత్తం 1,00,116కు పెరిగింది. పేద ఇంటికి ఆసరాగా ఉండాలని ఇచ్చే సొమ్ములో పదో వంతు, కడిగేసే మేకప్‌కు పోతే ఆ సహాయం ఎవరికి చేరినట్టు?

అప్పుకు కూడా జవాబు చెప్పాలి

దుబారా చేసేవారిని ఖుర్ఆన్ బనీ ఇస్రాయీల్ సూరా 27వ వాక్యంలో షైతాను సోదరులతో పోల్చింది. ప్రళయ దినాన దాసుడి పాదాలు కదలకముందే సంపద గురించి రెండు ప్రశ్నలుంటాయి: ఎలా సంపాదించావు? దేనికి ఖర్చు చేశావు? ఆ వైండింగ్ పనివాడు మొదటి ప్రశ్నకు ధైర్యంగా జవాబు చెప్పగలడు. అతని చెమట ధర్మసమ్మతం. కానీ రెండో ప్రశ్న దగ్గర అతని తరఫున వరుడి ఇంటివారు జవాబు చెప్పుకోవలసి ఉంటుంది. వడ్డీని విడిచిపెట్టనివారికి అల్లాహ్, ఆయన ప్రవక్త నుంచి యుద్ధ ప్రకటన ఉందని అల్ బఖరా సూరా 279వ వాక్యం హెచ్చరిస్తుంది. వియ్యంకుణ్ణి వడ్డీ గుమ్మం దాకా నెట్టినవారు ఆ హెచ్చరిక తమకు కాదని ఎలా అనుకుంటారు?

మరోవైపు అన్నిసా సూరా 4వ వాక్యం స్త్రీలకు వారి మహర్ సంతోషంగా చెల్లించమని ఆదేశిస్తుంది. మహర్‌ను తరవాత చెల్లించేలా ఒప్పందం చేసుకోవచ్చు, నిజమే. కానీ ఎప్పటికీ ఇవ్వని ఉద్దేశంతో ఉధార్ అని రాసుకోవడం మోసం. అల్లాహ్ అడిగింది బాకీ పెట్టి, లోకులు అడిగింది రొక్కంగా చెల్లిస్తున్నాం. ట్రయల్ అంటే పరీక్షే కదా! ఇక్కడ పరీక్షకు కూర్చున్నది ఆ అమ్మాయి ముఖం కాదు సోదరులారా, మన విశ్వాసం.

మనం చేయగలిగింది

నిందించి ఊరుకుంటే లాభం లేదు. కొన్ని పనులు మన చేతుల్లోనే ఉన్నాయి.

సంబంధం ఖాయపరచుకునే రోజునే పెద్దలు ఒక మాట అనుకోవాలి: అలంకరణ విషయంలో వరుడి తరఫు నుంచి ఏ కోరికా రాదు. ఈ మాట మగవాళ్ళు అనుకుంటే చాలదు. వరుడి తల్లి, అక్కచెల్లెళ్ళు కూడా కూర్చున్నచోట అనుకోవాలి.

ఇంట్లో, బంధువుల్లో చేయి తిరిగిన ఆడవాళ్ళుంటే వారితోనే చేయించండి. పార్లర్‌కు వెళ్ళాలనుకుంటే ఒక్కసారి వెళ్ళి మాట్లాడుకోండి. కొత్త క్రీము పడుతుందో లేదో అన్న భయం ఉంటే, చెవి వెనక కొద్దిగా రాసి ఒకటి రెండు రోజులు చూస్తే దురద, దద్దు తెలిసిపోతుంది. దానికి పూర్తి అలంకరణ అక్కర్లేదు. ట్రయల్ డబ్బు అసలు బిల్లులో తగ్గిస్తారా, గదిలో ఆడవాళ్ళే ఉంటారా, ఫొటోలు ఎవరూ ఉంచుకోకుండా ఒప్పుకుంటారా అన్నవి ముందే తేల్చుకోండి. నమాజు వేళలు చూసుకుని సమయం తీసుకోండి. వుజూ చేసుకుని అలంకరణకు కూర్చోండి.

పార్లర్ నడిపే సోదరీమణులకు కూడా ఒక మనవి. మీ కష్టార్జితాన్ని ఎవరూ తప్పుపట్టడం లేదు. మీలో వితంతువులున్నారు, ఒంటిచేత్తో పిల్లల్ని చదివించుకునే తల్లులున్నారు. షరీఅత్ హద్దుల్లో మీరు చేసే పనికి తగిన ప్రతిఫలం మీ హక్కు. కానీ రెండో ట్రయల్ అవసరం లేదని మీకు తెలిసినప్పుడు, ఆ మాట తల్లికి చెప్పండి. ఆ ఒక్క మాటకు అల్లాహ్ వద్ద పుణ్యం ఉంటుంది.

ఇక మస్జిద్ కమిటీలు. ఆయిషా (రజి) గారి వద్ద ఉన్నటువంటి వస్త్రం ప్రతి మహల్లాలో ఒకటి ఉండాలి. ఒక్కరోజు కట్టి బీరువాలో పెట్టిన పెళ్ళిబట్టలు మన ఇళ్ళల్లో ఎన్ని లేవు? వాటిని శుభ్రం చేయించి ఒకచోట ఉంచి, అవసరమైనవారికి గుట్టుగా ఎరువిద్దాం. ముందుగా స్తోమత ఉన్న ఇంటి అమ్మాయి వచ్చి తీసుకుంటే, పేదింటి అమ్మాయి తలదించుకోనక్కర్లేదు.

ఆ తండ్రి సంగతి ఏమైందని మీరు అడగవచ్చు. మరునాడు మగ్రిబ్ తరవాత నేనూ, మస్జిద్ పెద్ద ఒకరూ కలిసి వరుడి ఇంటికి వెళ్ళాం. ఆ అబ్బాయికి ఈ ట్రయల్స్ విషయమే తెలియదు! కాగితం చూపించి రెండు అంకెలూ చదివి వినిపించాం. కాసేపు మాట్లాడలేదు. తరవాత లోపలికి వెళ్ళి అక్కతో మాట్లాడి వచ్చాడు. నాలుగో ట్రయల్ ఆగిపోయింది. నికాహ్ రోజున మహర్‌లో ఆరు వేలు అక్కడే నగదుగా ఇచ్చాడు, మిగతాది ఎప్పటికి ఇస్తాడో తేదీ రాయించాడు. అమ్మాయిని ఆమె పిన్నమ్మలు ఇంట్లోనే సింగారించారు. వారపు వడ్డీ అప్పు మాత్రం అలాగే ఉండిపోయింది. అసలు మొత్తాన్ని మస్జిద్‌లో నలుగురం కర్జె హసనాగా సర్ది తీర్పించాం. అప్పటికే కట్టిన వడ్డీ ఎవరం తిరిగి తేలేకపోయాం.

ఇంకొక్క మాట చెప్పకపోతే నా మీద బరువు ఉండిపోతుంది. నా సొంత కుమార్తె పెళ్ళిలో ఈ ఖర్చు ఎంతయిందో నేను అడగలేదు. ఆడవాళ్ళ విషయం అనుకుని ఊరుకున్నాను. ఆ కాగితం చదివిన రాత్రి ఇంటికి వెళ్ళి అడిగాను. జవాబు విని సిగ్గుపడ్డాను. అందుకే తండ్రులారా, అన్నలారా, అడగండి. ఇది ఆడవాళ్ళ విషయం కాదు. రేపు ప్రభువు ముందు ఆ లెక్క చెప్పవలసిన వాళ్ళలో మనమూ ఉన్నాం.

ఓ అల్లాహ్! మా ఆడపిల్లల ముఖాలను విశ్వాస కాంతితో వెలిగించు. లోకుల చూపులకన్నా నీ చూపుకు భయపడే మనసు మాకు ప్రసాదించు. మా నికాహ్‌లను సులభతరం చేయి, అప్పుల భారం నుంచి, వడ్డీ శాపం నుంచి మా ఇళ్ళను కాపాడు. ఆమీన్!